పేరు చివర ‘విర్’ ఉంటే చాలదు

“డాక్టరు గారు వైరస్ మందు రాశారు” అని ఎవరైనా చెబితే నేను వెంటనే అడిగేది ఒక్కటే: ఏ వైరస్‌కి? చాలామంది దగ్గర జవాబు ఉండదు. పోనీ మందు పేరేమిటని అడిగితే “ఏదో విర్ అని ఉందండీ” అంటారు. అసలు సంగతి అంతా ఆ ‘ఏదో’ అన్న మాటలోనే ఉండిపోతుంది. చివర ఉన్న ‘విర్’ మనకి చెప్పేది చాలా తక్కువ. దానికి ముందున్న అక్షరాలే ఆ మందు ఏ వైరస్ మీద పనిచేస్తుందో, ఎలా పనిచేస్తుందో చెబుతాయి.

వైరస్ మందుల పేర్లను నోరు తిరగని ఇంగ్లిష్ శబ్దాలుగా వదిలేయకూడదన్నది నా వాదన. వాటిని ముక్కలుగా విడదీసి చదవడం ఇంట్లో రోగిని చూసుకునే మనిషికి తెలిసి ఉండాలి. డాక్టరు, ఫార్మసిస్టు ఆ పేరును పైకి పలికి, అర్థం చెప్పి మరీ చేతికివ్వాలి. ఇది డాక్టర్లకు మాత్రమే పనికొచ్చే చదువని నేను అనుకోను. ఎందుకో చెప్పడానికి ఒక్క మందు చాలు: ఎసైక్లోవిర్. సర్పికి, ఆటలమ్మకు, పెదవి మీద మళ్లీ మళ్లీ లేచే హెర్పిస్ పొక్కులకు వాడే మందు. చాలామంది ఇళ్లలో ఎప్పుడో ఒకప్పుడు ఈ స్ట్రిప్ కనిపించే ఉంటుంది.

ముందు ‘వైరస్ మందు’ అనే మాట ఎందుకు చాలదో చూద్దాం. యాంటీబయాటిక్‌ల వల్ల మనకి ఒక అలవాటు పడింది. ఒకే అమాక్సిసిలిన్ గొంతు నొప్పికీ రాస్తారు, చెవి పోటుకీ రాస్తారు, న్యుమోనియాకీ రాస్తారు. బాక్టీరియా సొంతంగా బతికే కణం. దానికి గోడ ఉంటుంది, ప్రోటీన్లు తయారుచేసుకునే సొంత ఏర్పాటు ఉంటుంది. ఇవి రకరకాల బాక్టీరియాల్లో దాదాపు ఒకేలా ఉంటాయి కాబట్టి ఒక మందు చాలా వాటిని కొట్టగలదు. వైరస్ అలా కాదు. మన కణంలోకి దూరి, మన కణం సరంజామాతోనే తన పని చేయించుకుంటుంది. మనకి హాని చేయకుండా దాన్ని కొట్టాలంటే అది తనతో తెచ్చుకున్న ఒకటో రెండో ఎంజైములు, ప్రోటీన్లు తప్ప వేరే దారి తక్కువ. అవేమో ఒక్కో వైరస్ కుటుంబానికి ఒక్కో రకం. అందుకే వైరస్ మందుల్లో ఎక్కువ వాటికి పని చేసే పరిధి చాలా చిన్నది. సర్పి మందు ఫ్లూకి పనిచేయదు. ఫ్లూ మందు హెపటైటిస్‌కి పనిచేయదు. ‘వైరస్ మందు’ అనగానే ఈ తేడా అంతా చెరిగిపోతుంది.

ఇక పేరులోకి వెళదాం. ఎ, సైక్లో, విర్.

మొదటి అక్షరం గ్రీకులో ‘లేని’ అని చెప్పే ‘అ’. అన్యాయం, అసత్యం, అశాంతి అని మనం రోజూ వాడే మాటల్లో ముందుండే ‘అ’ కూడా అదే. గ్రీకు, సంస్కృతం ఒకే మూలం నుంచి చీలిన భాషలు కాబట్టి ఈ పోలిక ఊరికే కుదిరింది కాదు. ‘సైక్లో’ అన్నది ‘కుక్లోస్’ అనే గ్రీకు మాట నుంచి వచ్చింది. వలయం, చక్రం అని అర్థం. సంస్కృతంలోని ‘చక్ర’ దానికి తోబుట్టువు. ‘విర్’ అన్నది వైరస్ అనే మాటలో మొదటి ముక్క. లాటిన్‌లో వైరస్ అంటే మొదట్లో విషం అని అర్థం. మన ‘విషం’ కూడా ఆ కుదురులోంచి వచ్చిందే. కాబట్టి ‘ఎసైక్లో’ను అచ్చంగా మన మాటల్లో పెడితే ‘అచక్ర’ అవుతుంది. తెలుగులో కెమిస్ట్రీ చదివినవాళ్లకి ‘అచక్రీయ సమ్మేళనాలు’ అన్న పాఠం గుర్తుండే ఉంటుంది. ఆ అచక్రీయమే ఇది. పరాయిదిగా కనిపించే పేరులో మూడు ముక్కలకూ మన దగ్గర చుట్టాలున్నారు. ఆ సంగతి నాకు ఇప్పటికీ సంతోషాన్నిస్తుంది.

ఇంతకీ ఏ చక్రం లేదు? మందు పనిచేసే తీరంతా ఈ ప్రశ్నలోనే ఉంది.

డీఎన్ఏ గొలుసు తయారయ్యేది నాలుగు రకాల భాగాలతో. వాటిలో ఒకదానిలో గ్వానిన్ అనే అణువు ఉంటుంది. ఆ గ్వానిన్‌కి ఒక చక్కెర అతుక్కుని ఉంటుంది. ఆ చక్కెర ఐదు పరమాణువుల వలయం. ఎసైక్లోవిర్‌లో గ్వానిన్ యథాతథంగా ఉంది. చక్కెరలో మాత్రం రెండు కార్బన్‌లు తీసేశారు. దాంతో వలయం తెగి, చిన్న పొడుగాటి కొసలాగా మిగిలింది. పేరులోని ‘ఎసైక్లో’ చెప్పేది ఈ తెగిన వలయం గురించే. డీఎన్ఏ గొలుసులో తర్వాతి భాగం వచ్చి అతుక్కోవాల్సిన చోటు సరిగ్గా తీసేసిన ఆ రెండు కార్బన్‌లలో ఒకదాని మీద ఉంటుంది. వైరస్ తన డీఎన్ఏని నకలు తీసుకుంటూ గ్వానిన్ భాగం అనుకుని ఎసైక్లోవిర్‌ని గొలుసులో చేర్చుకుంటుంది. అక్కడితో గొలుసు ఆగిపోతుంది. వెనక కొక్కెం లేని రైలు పెట్టెని తగిలించాక ఇంకో పెట్టె తగిలించడానికి వీలుండదు కదా, అలాగన్నమాట. పైగా ఆ నకలు తీసే వైరస్ ఎంజైము అక్కడే ఇరుక్కుపోతుంది.

మరి మన కణాలు కూడా డీఎన్ఏ తయారుచేసుకుంటాయి కదా, వాటి గొలుసులు ఎందుకు ఆగిపోవు? ఈ ప్రశ్న ఎవరైనా అడగాలి. మనం మింగే ఎసైక్లోవిర్ ఉన్నపళంగా పనిచేయదు. దానికి ఫాస్ఫేట్‌ అనే చిన్న రసాయన ముక్కలు మూడు, ఒకదాని తర్వాత ఒకటి అతకాలి. మొదటి ఫాస్ఫేట్ అతికించే పని హెర్పిస్ వైరస్ తనతో తెచ్చుకున్న థైమిడిన్ కైనేజ్ అనే ఎంజైము చేస్తుంది. మన కణాల్లోని ఎంజైములు ఆ మొదటి ఫాస్ఫేట్‌ని దాదాపు అతికించవు. మొదటిది పడ్డాక మిగతా రెండూ మన ఎంజైములే అతికిస్తాయి. అంటే వైరస్ ఉన్న కణంలోనే మందు మేలుకుంటుంది. తనను ఆపే మందును వైరస్ తన చేత్తో తానే తయారుచేసుకుంటోంది. వైద్యశాస్త్రంలో నేను చదివినవాటిలో ఇంత అందమైన పనితనం తక్కువ.

ఇప్పుడు ఆ మందు పరిధి ఎందుకు చిన్నదో కూడా అర్థమవుతుంది. ఆ ఎంజైము ఉన్న వైరస్‌లకే అది పనికొస్తుంది. ముఖ్యంగా హెర్పిస్ సింప్లెక్స్ రెండు రకాలు, ఆటలమ్మని, ఆ తర్వాత ఎప్పుడో సర్పిని తెచ్చే వారిసెల్లా జోస్టర్. అదే హెర్పిస్ కుటుంబంలోని సైటోమెగలోవైరస్‌కి థైమిడిన్ కైనేజ్ లేదు. దానికి వేరే ఎంజైము ఉంది. అందుకే దానికి గాన్‌సైక్లోవిర్ అనే వేరే మందు కావాల్సి వచ్చింది. ఇన్‌ఫ్లుయెంజా, కోవిడ్, డెంగ్యూ వైరస్‌లైతే ఆర్ఎన్ఏ వైరస్‌లు. తమ నకళ్లు తీసుకోవడానికి అవి డీఎన్ఏ గొలుసు అల్లవు. వాటి ముందు ఎసైక్లోవిర్ చేయగలిగింది ఏమీ లేదు.

ఈ మందు వెనక ఉన్న మనుషుల గురించి నాలుగు మాటలు చెప్పకుండా ఉండలేను. బరోస్ వెల్‌కమ్ అనే మందుల కంపెనీ పరిశోధనశాలలో గెర్ట్రూడ్ ఎలియన్ అనే శాస్త్రవేత్త 1944లో చేరారు. పీహెచ్‌డీ పూర్తి చేసే అవకాశం ఆమెకు దొరకలేదు. రోగం తెచ్చే కణం, ఆరోగ్యంగా ఉన్న కణం డీఎన్ఏ లాంటి తమ న్యూక్లిక్ ఆమ్లాలను తయారుచేసుకునే తీరులో తేడా పట్టుకుంటే, ఆ తేడా మీదే దెబ్బ కొట్టొచ్చన్నది ఆమె, ఆమె సహచరుడు జార్జ్ హిచింగ్స్ దశాబ్దాల పాటు పట్టుకున్న ఆలోచన. హోవార్డ్ షేఫర్ బృందం చేసిన అచక్రీయ అణువుల్లోంచి 1970లలో ఎసైక్లోవిర్ బయటపడింది. అప్పటికి దానికి పేరు కూడా లేదు. 248యు అన్న సంకేతంతోనే పిలిచేవారు. అంతకుముందున్న విడారబిన్ లాంటి మందులు వైరస్‌తో పాటు మన కణాలనూ ఇబ్బంది పెట్టేవి. వైరస్‌ని ఆపాలంటే మనిషికి హాని తప్పదన్న నమ్మకం అప్పట్లో బలంగా ఉండేది. ఎసైక్లోవిర్ ఆ నమ్మకాన్ని పడగొట్టింది. అమెరికాలో 1982లో అనుమతి వచ్చింది. 1988లో ఎలియన్, హిచింగ్స్, జేమ్స్ బ్లాక్ ముగ్గురికీ కలిపి నోబెల్ బహుమతి ఇచ్చారు.

ఒక మందుకు కనీసం మూడు పేర్లు ఉంటాయి. రసాయన నామం సామాన్యులకు అక్కర్లేదు. కంపెనీ పెట్టుకునే బ్రాండ్ పేరే చాలాసార్లు ముందు కంట పడుతుంది. దానితో పాటే అసలు పేరు, అంటే జనరిక్ పేరు ఉంటుంది. ఈ మూడో రకం పేర్లను ఖరారు చేసే పని ప్రపంచ ఆరోగ్య సంస్థది. 1950లో తీర్మానం చేసి, 1953లో మొదటి జాబితా ప్రకటించారు. ఒకే తరహా మందులకు ఒకే చివరి ముక్క ఉండాలన్నది అక్కడి పద్ధతి. ఇంగ్లిష్ స్పెల్లింగులో ‘వై’ బదులు ‘ఐ’ రాయాలన్నది ఇంకో పద్ధతి. అందుకే కొన్ని డబ్బాల మీద ఈ పేరు వైతో, కొన్నింటి మీద ఐతో కనిపిస్తుంది. రెండూ ఒకటే మందు. తెలుగులో రాస్తే ఆ గొడవే ఉండదు.

ఆ చివరి ముక్కలను గమనిస్తే పేర్లన్నీ తెరుచుకుంటాయి. ‘సైక్లోవిర్’ అని ఉంటే హెర్పిస్ కుటుంబం మీద వాడే మందు: ఎసైక్లోవిర్, గాన్‌సైక్లోవిర్, పెన్‌సైక్లోవిర్, ఫామ్‌సైక్లోవిర్. ‘అమివిర్’ అని ఉంటే ఫ్లూ వైరస్ మీది న్యూరామినిడేస్ ఎంజైముని అడ్డుకునేది: ఒసెల్టామివిర్, జానమివిర్, పెరమివిర్. హెచ్1ఎన్1 అన్నప్పుడు ఆ ‘ఎన్’ ఈ న్యూరామినిడేసే. ‘బువిర్’, ‘అస్విర్’ హెపటైటిస్ సి మందులు, సోఫోస్‌బువిర్, డక్లాటస్విర్ లాంటివి. ‘టెగ్రావిర్’ హెచ్ఐవీ తన జన్యువును మన డీఎన్ఏలో అతికించే పనిని ఆపేది. కోవిడ్‌కి వచ్చిన నిర్మాట్రెల్విర్‌లో ‘ట్రెల్విర్’ ఆ వైరస్ ప్రోటీన్లను ముక్కలు చేసే ప్రోటియేజ్ అనే ఎంజైముని ఆపేదని చెబుతుంది. ఇవన్నీ బట్టీ పట్టమని నేను అనడం లేదు. విర్‌కి ముందున్న రెండు మూడు అక్షరాలు వేరైతే మందు వేరు, రోగం వేరు అన్న ఎరుక ఉంటే చాలు.

దీనికి మినహాయింపులు లేకపోలేదు. జిడోవుడిన్, లామివుడిన్ పేర్ల చివర విర్ లేదు, కానీ అవి హెచ్ఐవీ మందులు. ఎసైక్లోవిర్‌కి లొంగని హెర్పిస్‌కి వాడే ఫోస్కార్నెట్‌లో విర్ ఊసే లేదు. అన్నిటికన్నా ఆలోచించాల్సింది రిటోనవిర్ సంగతి. ‘నవిర్’ అంటే హెచ్ఐవీ ప్రోటియేజ్‌ని ఆపే మందు. అది ఆ పనికే పుట్టింది. ఇప్పుడు మాత్రం ఎక్కువగా చిన్న మోతాదులో, పక్కనున్న మందును కాలేయం తొందరగా అరగదీయకుండా ఆపడానికి వాడుతున్నారు. కోవిడ్‌కి నిర్మాట్రెల్విర్‌తో కలిపి ఇచ్చినప్పుడు అది చేసేది ఆ పనే, వైరస్ జోలికే పోదు. మరి అదే కాలేయం అరగదీసే వేరే మందులు, కొన్ని కొలెస్ట్రాల్ మాత్రలు, కొన్ని గుండె మందులు అప్పటికే వాడుతున్న మనిషికి వాటి మోతాదు ఒంట్లో పేరుకుపోయే ప్రమాదం ఉంది. “అదీ వైరస్ మందే” అని సరిపెట్టుకుంటే ఈ ప్రమాదం కనపడదు.

ఇప్పుడు మా ఇంటి సంగతి ఒకటి. మా బాబాయికి సర్పి వచ్చింది. వీపు మధ్య నుంచి ఎడమ పక్కటెముకల మీదుగా రొమ్ము దాకా ఎర్రటి పట్టీ, దాని మీద గుత్తులు గుత్తులుగా నీటి పొక్కులు. చొక్కా బట్ట తగిలినా ఓర్చుకోలేకపోతున్నాడు. పిన్ని వీడియో కాల్ చేసి మందులన్నీ మంచం మీద పరిచి చూపించింది. వాటిలో పెద్ద పెద్ద తెల్ల మాత్రలున్న స్ట్రిప్పులు రెండు. ఒకటి మొదట చూసిన డాక్టరు రాసింది. మంట తగ్గలేదని మర్నాడు చర్మ డాక్టరు దగ్గరికి వెళితే ఆయన రాసింది రెండోది. మొదటి చీటీ ఇంట్లోనే ఉండిపోయింది కాబట్టి ఆయనకు అది తెలియదు.

“ఇది వైరస్‌కి నాన్నా, ఇదేమో పొక్కులు మాడటానికి” అంది పిన్ని. రెండూ వేయడం మొదలుపెట్టేసింది.

స్ట్రిప్ వెనక్కి తిప్పి, కంపెనీ పేరు వదిలేసి, కింద చిన్న అక్షరాల్లో ఉన్నది చదవమన్నాను. కళ్లజోడు తెచ్చుకుని ఒక్కో అక్షరం కూడబలుక్కుంటూ చదివింది. ఒకదాని మీద ఎసైక్లోవిర్ 800 మి.గ్రా. రెండోదాని మీద వాలాసైక్లోవిర్ 1000 మి.గ్రా. బ్రాండ్ పేర్లలో ఒక్క అక్షరం కూడా కలవదు. కింది పేర్లు చదివితే చాలు, పిన్నికే అనుమానం వచ్చింది: “రెండిట్లోనూ సైక్లోవిర్ ఉందేమిటి?”

అదే అసలు ప్రశ్న. ‘వాల్’ అంటే వాలీన్ అనే అమైనో ఆమ్లం. ఎసైక్లోవిర్‌కి వాలీన్ అతికిస్తే వాలాసైక్లోవిర్. ఒంట్లోకి వెళ్లాక వాలీన్ ఊడిపోయి ఎసైక్లోవిరే మిగులుతుంది. ఎసైక్లోవిర్ మాత్ర మింగితే పేగుల్లోంచి రక్తంలోకి చేరేది అయిదో వంతు, ఆ చుట్టుపక్కల. వాలీన్ తోడుంటే సగం దాటి చేరుతుంది. అందుకే సర్పికి ఎసైక్లోవిర్ అయితే 800 చొప్పున రోజుకి అయిదుసార్లు, వాలాసైక్లోవిర్ అయితే 1000 చొప్పున మూడుసార్లు రాస్తారు. రెండూ కలిపి వేస్తే ఒకే మందు రెండుసార్లు వేసినట్టు. బాబాయికి డెబ్బై దాటాయి, మూత్రపిండాల పనితీరు చెప్పే రక్తపరీక్షలో క్రియాటినిన్ కాస్త ఎక్కువే. ఎసైక్లోవిర్ బయటికి పోయేది మూత్రపిండాల ద్వారానే. అవి మందకొడిగా ఉన్నవాళ్లలో మందు పేరుకుంటే మగత, తికమక, లేనివి కనిపించడం లాంటివి వస్తాయి. నీళ్లు సరిగా తాగకపోతే మందు స్ఫటికాలుగా మారి మూత్రపిండాల్లో అడ్డుపడవచ్చు కూడా. పిన్ని వెంటనే చర్మ డాక్టరుకి ఫోన్ చేసి రెండు పేర్లూ చదివి వినిపించింది. ఆయన మొదటిది ఆపేయమని, రెండోదాని మోతాదు కూడా తగ్గించి, నీళ్లు బాగా తాగించమన్నారు. బాబాయికి ఏమీ కాలేదు. కానీ ఆ చిన్న అక్షరాలు చదవకపోయి ఉంటే?

ఇందులో పిన్ని తప్పేమీ లేదు. ఆమెకి ‘వైరస్ మందు’ అని ఒకరు, ‘పొక్కులు మాడే మందు’ అని ఇంకొకరు చెప్పారు. రెండు వేర్వేరు పనులకి రెండు వేర్వేరు మందులని ఎవరైనా అలాగే అనుకుంటారు. “ఇది ఎసైక్లోవిర్ రకం మందు, ఇలాంటిది ఇంకేమైనా వాడుతున్నారా?” అని ఒక్క మాట అడిగి ఉంటే ఆ తికమకే ఉండేది కాదు.

పేరు పక్కనున్న అంకెకి కూడా అర్థం ఉంది. పెదవి మీదో జననాంగాల మీదో వచ్చే హెర్పిస్ సింప్లెక్స్‌కి 200, 400 మి.గ్రా. మాత్రలు వాడతారు. సర్పికి 800. వారిసెల్లా జోస్టర్ వైరస్ ఈ మందుకి అంత తేలిగ్గా లొంగదు కాబట్టి ఎక్కువ కావాలి. ఎప్పుడో మిగిలిన 200 మాత్రలు నాలుగు రోజులు వేసుకుని “ఎసైక్లోవిర్ వాడాం, పనిచేయలేదు” అనేవాళ్లను చూశాను. రోజుకి అయిదుసార్లా అని విసుక్కుని మూడుసార్లకు కుదించుకునేవాళ్లూ ఉన్నారు. రక్తంలో ఈ మందు దాదాపు మూడు గంటల్లో సగానికి పడిపోతుంది. అయిదుసార్లు వేయమనడం అందుకే. కుదరదనుకుంటే డాక్టరుకి ఆ మాటే చెప్పి మూడుసార్ల వాలాసైక్లోవిర్ అడగొచ్చు. పేర్ల మధ్య చుట్టరికం తెలిస్తేనే ఆ మాట అడగగలం. ఇక సర్పి పొక్కుల మీద ఎసైక్లోవిర్ క్రీము ఒక్కటే రాసుకుని ఊరుకోవడం కూడా వద్దు. ఆ వైరస్ ఉన్నది నరంలో, పైపూత అక్కడి దాకా పోదు.

అన్నిటికన్నా ముఖ్యం సమయం. ఈ మందు వైరస్ నకళ్లు తీసుకుంటున్నప్పుడే పనిచేస్తుంది, గొలుసును ఆపడమే దాని పని కాబట్టి. సర్పిలో పొక్కులు మొదలైన 72 గంటల్లోపు మొదలుపెడితే ఎక్కువ ఫలితం. ఆటలమ్మలో అయితే 24 గంటల్లోపు. నుదుటి మీద, కంటి చుట్టూ, ముక్కు కొస మీద పొక్కులు వస్తే ఆ గంటలు లెక్కపెట్టుకుంటూ కూర్చోకుండా వెంటనే కంటి డాక్టరుకి చూపించాలి. ముక్కు కొసకి వెళ్లే నరం, కంటికి వెళ్లే నరం ఒకటే. జ్వరంతో పాటు మాట తడబడటం, మనిషి వింతగా ప్రవర్తించడం, ఫిట్స్ ఉంటే అది హెర్పిస్ మెదడువాపు కావచ్చు. చికిత్స లేకపోతే అందులో పదిమందిలో ఏడుగురి దాకా చనిపోతారు. అప్పుడు మాత్రలతో కాదు, ఆసుపత్రిలో రక్తనాళంలోకి ఇదే ఎసైక్లోవిర్ ఎక్కిస్తారు. పరీక్ష ఫలితం వచ్చేదాకా ఆగకుండా అనుమానంతోనే మొదలుపెట్టే మందుల్లో ఇదొకటి.

నకళ్లు తీయని వైరస్ మీద ఇది పనిచేయదన్న సంగతికి ఇంకో కొస ఉంది. ఆటలమ్మ తగ్గాక ఆ వైరస్ నరాల ముడుల్లో ఏళ్ల తరబడి నిద్రపోతుంది. హెర్పిస్ సింప్లెక్స్ కూడా అంతే. నిద్రలో ఉన్న వైరస్ గొలుసు అల్లదు, కాబట్టి ఎసైక్లోవిర్ దాన్ని తాకలేదు. ‘వైరస్‌ని చంపే మందు’ అని చెప్పి ఇస్తే, కొన్ని నెలల తర్వాత పెదవి మీద మళ్లీ పొక్కు లేచినప్పుడు మనిషి హడలిపోతాడు. మందు దొంగదేమో అనుకుంటాడు, తనలో ఏదో లోపం ఉందనుకుంటాడు. జననాంగాల హెర్పిస్ వచ్చినవాళ్లు ఈ విషయంలో పడే మనోవేదన, దాంపత్యంలో లేచే అనుమానాలు చిన్నవి కావు. పాత వైరస్ నిద్ర లేచినా పొక్కులు వస్తాయి, ప్రతిసారీ కొత్తగా అంటుకుందని కాదు. ఈ ముక్క మొదటి రోజే చెప్పి ఉంటే ఎన్నో ఇళ్లలో టెన్షన్ తగ్గేది. ఊరికే ఊరికే తిరగబెట్టేవాళ్లకు తక్కువ మోతాదులో రోజూ ఇచ్చి అణచి ఉంచే పద్ధతి కూడా ఉంది. దాని గురించి అడగడానికి సిగ్గుపడక్కర్లేదు.

పేర్లు చదవాలనడానికి ఇంకో కారణం, పేర్లు ఒకదానికొకటి దగ్గరగా ఉండటం. వాలాసైక్లోవిర్, వాల్‌గాన్‌సైక్లోవిర్ పక్కపక్కన పెట్టి చూడండి. రెండోది సైటోమెగలోవైరస్‌కి వాడేది, ఎముక మజ్జ మీద గట్టి దెబ్బ వేయగల మందు. ఈ రెండూ తారుమారు కాకుండా తేడా ఉన్న అక్షరాలను పెద్దవిగా అచ్చువేయమని మందుల భద్రత చూసే సంస్థలు సలహా ఇస్తాయి. రిటోనవిర్‌కీ, జిడోవుడిన్ బ్రాండ్ పేరైన రెట్రోవిర్‌కీ మధ్య పొరపాట్లు జరిగాయి. జిడోవుడిన్‌ని ఏజెడ్‌టీ అని పొట్టిగా రాయడం వల్ల అజాథియోప్రిన్ అనుకున్న సందర్భాలున్నాయి. ఒకటి హెచ్ఐవీ మందు, ఇంకోటి రోగనిరోధక శక్తిని అణచేది. పూర్తి పేరు రాయాలి, పూర్తి పేరు పలకాలి అని నేను పట్టుబట్టడం చాదస్తం కాదు.

“పేర్లు నేర్పితే జనం సొంతంగా కొనుక్కుని మింగేస్తారు” అన్న అభ్యంతరం డాక్టర్ల నుంచే విన్నాను. ఆ భయం నాకు అర్థమవుతుంది, అంగీకరించను. సొంత వైద్యం చేసుకునేవాళ్లు ఇప్పుడు చేస్తున్నది ఏమిటి? బాబాయికి తగ్గాక మా పిన్నే అడిగింది, “మిగిలిన మాత్రలు దాచనా, జలుబు జ్వరాలకి పనికొస్తాయిగా, అదీ వైరస్సే కదా?” అని. ఈ ప్రశ్న పుట్టింది ‘వైరస్ మందు’ అనే పొడి మాటలోంచి. ఇది హెర్పిస్ కుటుంబానికే, జలుబు వైరస్‌ని ఇది తాకను కూడా తాకదు అని చెబితే దాచనే దాచదు. పేరు తెలియడం వల్ల మందు పరిధి మనసులో కుదించుకుపోతుంది. ఆ కుదింపే మనకి కావాలి.

పేరు చదివితే అన్నీ తెలిసిపోతాయని కూడా నేను అనను. ఎంత మోతాదు, ఎన్నాళ్లు, గర్భిణికి ఇవ్వొచ్చా, మూత్రపిండాలు దెబ్బతిన్నవాళ్లకి ఎంత తగ్గించాలి, ఇవేవీ పేరులో ఉండవు. అవి డాక్టరు చెప్పాల్సినవి. పేరు తెలిసిన మనిషి ఆ ప్రశ్నలు అడగగలడు, అంతే. నేను కోరేది కూడా పెద్దదేమీ కాదు. చీటీ మీద బ్రాండ్ పక్కన అసలు పేరు చదవగలిగేలా ఉండాలి. దాని పక్కనే ఏ రోగానికో ఒక్క మాట, ‘సర్పికి’ అనో ‘ఫ్లూకి’ అనో, రాయాలి. మందు చేతికిచ్చేటప్పుడు ఆ పేరుని ఒక్కసారి పైకి చదివి, ఈ రకంది ఇంకేమైనా వాడుతున్నారా అని అడగాలి. ఇక మనం చేయాల్సింది, ఇంకో డాక్టరు దగ్గరికి వెళ్లేటప్పుడు “ఏదో విర్ వాడుతున్నాం” అనకుండా ఆ స్ట్రిప్పునే తీసుకెళ్లడం. మాత్రలు చింపుకునేటప్పుడు పేరు అచ్చువేసిన కొసని చివరిదాకా ఉంచుకోవాలి. చాలామంది ముందు అదే చింపి పారేస్తారు.